గోదారిలో బోటు మునిగితే కుడిగట్టున పొయ్యి ఆరింది

మా పెదనాన్న కొడుకు ఉండేది విజయపురి సౌత్‌లో. నాగార్జునసాగర్ కుడిగట్టున, లాంచీ స్టేషన్ దగ్గర మొక్కజొన్న కంకులు కాల్చి అమ్ముతాడు. నాగార్జునకొండ మ్యూజియం చూడటానికి లాంచీ ఎక్కే జనమే ఆయన బేరం. 2019 సెప్టెంబరు 15, ఆదివారం. మిర్యాలగూడలో మేం టీవీకి అతుక్కుపోయి ఉన్నాం. అన్న ఫోన్ చేశాడు. "తమ్ముడూ, కచ్చులూరు యాడుంది?"

దేవీపట్నం మండలంలో, పాపికొండల దారిలో ఉంది. గండి పోచమ్మ గుడి దగ్గర 77 మందితో బయల్దేరిన 'రాయల్ వశిష్ట' బోటు వరద గోదారిలో అక్కడే ఒరిగిపోయింది. కొండల మధ్య నది ఇరుకై సుడులు తిరిగే చోటది. లైఫ్ జాకెట్లు చాలామంది ఒంటిమీద లేవు. తూటుగుంట గిరిజనులు పడవలేసుకుని వెళ్లి అందినవాళ్లను లాగారు. మొత్తం బతికింది 26 మంది. వరంగల్ పక్క కడిపికొండ నుంచే 14 మంది ఆ బోటెక్కారు. అడుగున చిక్కుకున్న బోటును కాకినాడ ధర్మాడి సత్యం బృందం లంగర్లు, ఇనుప తాళ్లతో గట్టుకు లాగేసరికి అక్టోబరు 22 వచ్చింది.

ఈలోగా ఆంధ్రలో విహార బోట్లన్నీ ఆపేశారు. కుడిగట్టు లాంచీలూ ఆగాయి. అన్న పొయ్యీ ఆరింది.

"గోదారి ఉరుకుద్ది, మన సాగర్ నిలబడి ఉంటది. దానికీ దీనికీ ఏం లంకె?" అని ఆయన వాదన. అందులో సగం నిజం. జలాశయంలో ఆ ఉరవడి ఉండదు. కానీ గాలి లేస్తే సాగర్లోనూ అలలు లేస్తాయి. ఒకే పక్కకు జనం చేరితే లాంచీ ఎక్కడైనా ఒరుగుతుంది. కింద లోతు ఎలాగూ తక్కువేం కాదు. ఆపడం సబబే. ఆ రేవుల్ని నమ్ముకున్న కంకులవాళ్లూ, ఫొటోలవాళ్లూ ఏం తినాలో మాత్రం ఎవరూ అడగలేదు, టీవీల్లో గంటలకొద్దీ మాట్లాడినవాళ్లతో సహా.

2020 జూన్‌లో సాగర్, శ్రీశైలంతో కలిపి 9 చోట్ల బోట్లకు కంట్రోల్ రూములు పెట్టారు. ఎందరెక్కారు, జాకెట్లు ఉన్నాయా, వరద ఎంత అన్నది చూసి గానీ బోటు కదలనివ్వకూడదు. అప్పటికి కరోనా వచ్చిపడింది, అది వేరే కథ.

లాంచీలు మళ్లీ మొదలయ్యాక వెళ్లాను. ఉక్కపోస్తోందని ఒకావిడ జాకెట్ తాళ్లు విప్పేస్తోంది. అన్న పొయ్యి దగ్గర్నుంచే కేకేశాడు. "అమ్మా, ముందు తాడు కట్టుకో! కంకి తిరిగొచ్చాక తిందువుగానీ!"