సెలడాన్ పట్టణంలో ఒక జూదపు గది



కొన్ని నెలల క్రితం ఒక ఆదివారం, పిల్లల ఫోన్ ఆటల గురించి ప్రసంగిస్తూ, "పోకీమాన్ ఆటలో కాసినో ఉంది, తల్లిదండ్రులారా జాగ్రత్త" అని పులుపిటు మీద నుండి గట్టిగా చెప్పాను. ఎవరో వాట్సాప్‌లో పంపిన మాట అది. ఆరాధన ముగిశాక మా సండే స్కూల్ పిల్లవాడొకడు, ఏడో తరగతి, చెప్పుల దగ్గర నన్ను ఆపాడు. "అయ్యగారూ, మీరు ఆ కాసినో చూశారా?" అని అడిగాడు. లేదన్నాను. "పోనీ, ఎక్కడుంటుందో తెలుసా?" అన్నాడు. తెలియదన్నాను. వాడు నవ్వలేదు. నవ్వినా బాగుండేది.

తర్వాతి శనివారం వాళ్ల ఇంటికి వెళ్లి వాడి పక్కన గంటన్నర కూర్చున్నాను. అక్కడ చూసిందే ఇప్పుడు వ్రాస్తున్నాను. మన సంఘాల్లో ఎందరో పిల్లలు ఈ ఆట ఆడుతున్నారు. వారికి బుద్ధి చెప్పాలనుకునే పెద్దలకు, ముందు అందులో ఏముందో తెలియాలి గదా.

పోకీమాన్ మొదటి ఆటలు 1996లో జపాన్‌లో, గేమ్ బాయ్ అనే చేతి యంత్రం మీద వచ్చాయి. ఊరూరూ తిరుగుతూ, గడ్డిలోనూ గుహల్లోనూ ఎదురయ్యే వింత జీవులను పట్టి, పెంచి, వేరేవారి జీవులతో పోటీకి దించడమే ఆట. దీన్ని రూపొందించిన సతోషి తజిరి చిన్ననాట పురుగులను పట్టి పోగుచేసే సరదా ఉన్నవాడు, ఆట అక్కడి నుండే పుట్టింది. మా పిల్లవాడు ఆడుతున్నది ఫైర్‌రెడ్, ఆ మొదటి ఆటనే 2004లో కొత్త రంగులతో తిరిగి చేసినది. దాన్ని ఫోన్‌లోకి ఎక్కడి నుండి దింపుకున్నావని అడిగితే తల వంచుకున్నాడు. అది ఎనిమిదవ ఆజ్ఞకు సంబంధించిన సంగతి, ఇంకోసారి మాట్లాడుకుందాం.

జూదపు గది ఉన్నది సెలడాన్ అనే పట్టణంలో. ఆట మొదలుపెట్టగానే అక్కడికి చేరలేం, చాలా దూరం ఆడాలి. లావెండర్ అనే ఊరి నుండి పడమరగా నడిచి, భూగర్భ మార్గం గుండా వెళితే ఈ పట్టణం వస్తుంది. పెద్ద బహుళ అంతస్తుల దుకాణం ఉంటుంది. దానికి దిగువగా, పట్టణం దక్షిణ భాగంలో గేమ్ కార్నర్ అని బోర్డు ఉన్న కట్టడమే మన గది. లోపల వరుసలుగా స్లాట్ యంత్రాలు, వాటి ముందు మనుషులు.

అయితే వెళ్లగానే ఆడనివ్వరు. నాణేలు వేసుకునే సంచి కావాలి, దాని పేరు కాయిన్ కేస్. అది దుకాణంలో దొరకదు. అదే పట్టణంలోని భోజనశాలలో ఒక మనిషి కూర్చుని ఉంటాడు. అతనితో మాట్లాడితే, యంత్రాల దగ్గర ఉన్నదంతా పోగొట్టుకున్నానని, ఇక ఆ వైపు వెళ్లనని, ఈ సంచితో తనకు పని లేదని చెప్పి దాన్ని మన చేతిలో పెడతాడు.

ఇక్కడ నేను పిల్లవాణ్ణి ఆగమన్నాను. "ఈయన ఏమన్నాడో చదివావా?" అన్నాను. "అందరూ ఏ బటన్ నొక్కేస్తారు అయ్యగారూ, ఎవరూ చదవరు" అన్నాడు. ఆటలో ముందుకు సాగే బటన్‌ను వాడు అలా అంటాడు. జూదంలో నాశనమైన మనిషి చేతి నుండి జూదపు సంచి అందుకుంటున్నాం, అతని మాట మాత్రం వినకుండా దాటిపోతున్నాం. ఆట తయారుచేసినవారు ఆ మనిషిని ఊరికే అక్కడ కూర్చోబెట్టలేదని నా అభిప్రాయం.

సంచి వచ్చాక గది కౌంటరులో నాణేలు కొనుక్కోవాలి. ఆటలోని డబ్బు వెయ్యి ఇస్తే 50 నాణేలు, పది వేలు ఇస్తే 500. ఈ డబ్బు పోటీలు గెలిచి సంపాదించుకున్న బొమ్మ డబ్బే, అసలు రూపాయి ఒక్కటి కూడా ఇందులోకి పోదు. ఈ తేడా తల్లిదండ్రులు గుర్తుంచుకోవాలి, మళ్లీ దీని దగ్గరికి వస్తాను. గదిలోని కొందరు ఉచితంగా కొన్ని నాణేలు ఇస్తారు. నేల మీద కనబడకుండా పడి ఉన్నవీ ఉంటాయి, గళ్లు గళ్లుగా వెదికితే దొరుకుతాయి.

యంత్రం ముందు నిలబడి ఒకటి నుండి మూడు నాణేల వరకు పందెం కాయవచ్చు. ఒకటి పెడితే మధ్య వరుస మాత్రమే లెక్కలోకి వస్తుంది, రెండు పెడితే మూడు అడ్డ వరుసలూ, మూడు పెడితే మూలల నుండి మూలలకు ఉన్నవి కూడా. మూడు చక్రాలు తిరుగుతాయి, వాటిని ఒక్కొక్కటిగా మనమే ఆపాలి. మూడు ఏడులు ఒకే వరుసలో పడితే 300 నాణేలు. మనమే ఆపుతున్నాం గనుక గెలుపు మన నేర్పులా, ఓటమి వేలు తడబాటులా తోస్తుంది. "ఇప్పుడు తప్పింది గానీ ఈసారి పట్టేస్తా" అని మా వాడు అరగంటలో నాలుగుసార్లన్నాడు, లెక్కపెట్టాను.

గెలిచిన నాణేలను ఆ గదిలో మార్చుకోలేం. పక్కనే ఇంకో చిన్న ఇల్లు ఉంటుంది, బహుమతులు అక్కడ. ఫైర్‌రెడ్‌లో ఆబ్రా అనే జీవికి 180 నాణేలు, డ్రాటినీకి 2,800, సైథర్‌కు 5,500, పోరిగాన్‌కు 9,999. సంచిలో పట్టేదే 9,999. అంటే పోరిగాన్ కావాలంటే సంచి అంచుదాకా నిండాలి. నాణేలన్నీ కౌంటరులోనే కొనాలంటే ఆట డబ్బు రెండు లక్షలు అవుతుంది.

బహుమతులకు వేరే ఇల్లు ఎందుకని నాకు సందేహం వచ్చింది. జపాన్‌లో పచింకో అనే ఆటశాలలు వీధి వీధినా ఉంటాయి. అక్కడ గెలిచినదానికి డబ్బు ఇవ్వడం చట్టవిరుద్ధం. అందుకని శాలలో ఏదో వస్తువు ఇస్తారు, బయట దగ్గరలోనే ఉన్న వేరే కొట్టులో ఆ వస్తువు ఇస్తే డబ్బు వస్తుంది. ఆటలోని పక్కిల్లు చూస్తే ఆ పద్ధతే జ్ఞాపకం వస్తుంది. చట్టానికీ జూదానికీ మధ్య ఒక గోడ పెట్టి, ఆ గోడకు తలుపు పెట్టడం ప్రతి దేశంలోనూ ఉన్నదే.

ఆ గది గోడకు ఒక పోస్టరు ఉంటుంది. దాని ముందు ఒకడు కాపలా. వాణ్ణి ఓడించి పోస్టరును పరీక్షిస్తే వెనుక ఒక స్విచ్ ఉంటుంది, నొక్కితే కిందికి మెట్లు తెరుచుకుంటాయి. కింద టీమ్ రాకెట్ అనే దొంగల ముఠా స్థావరం, నాలుగు అంతస్తుల లోతు. అడుగున వాళ్ల నాయకుడు జియోవానీ ఉంటాడు. పైన దీపాలు, సంగీతం, కింద దొంగలు. కథ ముందుకు సాగాలంటే ఇక్కడికి దిగి, సిల్ఫ్ స్కోప్ అనే పరికరం సంపాదించాలి. అది లేకపోతే లావెండర్ ఊరి గోపురంలోని దయ్యాలు ఏమిటో కనబడదు.

అంటే ఈ ఆట ఆడే ప్రతి పిల్లవాడూ ఆ జూదపు గదిలో నుండి నడవవలసిందే, కాని ఒక్క నాణెం కూడా పందెం కాయకుండా నేరుగా పోస్టరు దగ్గరికి వెళ్లవచ్చు. నా ప్రసంగంలో ఈ సంగతి లేదు. ఆట మొత్తాన్ని కాసినో అన్నట్టు మాట్లాడాను. మరుసటి ఆదివారం అదే పులుపిటు మీద ఆ మాట సరిదిద్దుకున్నాను.

అయితే ఇందులో ప్రమాదమే లేదా? ఉంది, నేను అనుకున్న చోట కాదు. పిల్లవాడు యంత్రం ముందుకు వెళ్లే ముందు ఆటను సేవ్ చేశాడు. నలభై నాణేలు పోయాయి. వెంటనే ఆట ఆపి, సేవ్ చేసిన చోటి నుండి తిరిగి తెరిచాడు. నలభై నాణేలూ సంచిలో ఉన్నాయి. మళ్లీ ఆడాడు, గెలిచాడు, సేవ్ చేశాడు. ఓడితే వెనక్కి, గెలిస్తే ముందుకు. "ఇలా చేస్తే ఎప్పటికీ పోవు అయ్యగారూ, అందరూ ఇలాగే పోరిగాన్ తెచ్చుకుంటారు" అని ఎంతో సంతోషంగా నాకు నేర్పాడు.

భోజనశాలలోని మనిషి నిజం చెప్పాడు. పోస్టరు వెనుక మెట్లూ నిజమే చెప్పాయి. ఈ సేవ్ మాత్రం, పోయినది తిరిగి వస్తుందనే అబద్ధాన్ని వేళ్లకు అలవాటు చేస్తోంది. పందెంలో ఉండే భయాన్ని తీసివేసి సంతోషాన్ని మాత్రం మిగిల్చింది.

పరిశుద్ధ గ్రంథం చీట్లు వేయడాన్ని ఎక్కడబడితే అక్కడ ఖండించదు. యెహోషువ చీట్లు వేసే గోత్రాలకు భూమి పంచాడు, అపొస్తలులు చీట్లు వేసే మత్తీయను ఎంచుకున్నారు. వారు చీటి వేసింది తమ ఇష్టాన్ని పక్కన పెట్టడానికి. సిలువ కింద సైనికులు వేసిన చీటి వేరు. ఒకని ఒంటిమీది వస్త్రం తమలో ఎవరిదవుతుందో తేల్చుకోవడానికి వేశారు. అలా పోయిన వస్త్రం తిరిగి రాలేదు. జూదం ఎటువంటిదో మన యువకులకు చెప్పవలసినప్పుడు నేను యోహాను 19వ అధ్యాయం తెరుస్తాను.

ఆట కంపెనీ తర్వాత ఏం చేసిందో కూడా చెప్పాలి. యూరప్‌లో 2009లో వచ్చిన ప్లాటినం ఆటలో యంత్రాలు కనబడతాయి గానీ ఆడడం కుదరదు. 2010లో జపాన్ బయట విడుదలైన హార్ట్‌గోల్డ్, సోల్‌సిల్వర్ ఆటల్లో యంత్రాలు తీసేసి, అంకెల ఆధారంతో పలకలు తిరగేసే ఆట పెట్టారు, అందులో నాణేలు కొనే వీలే లేదు. 2014లో వచ్చిన ఆటల్లో మావిల్ పట్టణపు గేమ్ కార్నర్ మూతపడి ఉంటుంది. 2021లో సిన్నో కథ తిరిగి వచ్చినప్పుడు ఆ గది ఉన్నచోట బట్టల దుకాణం వెలిసింది. యూరప్‌లో ఆటలకు వయసు నిర్ణయించే పెగీ సంస్థ, జూదాన్ని నేర్పే, ఆకర్షణీయంగా చూపే కొత్త ఆటలకు 2020 నుండి 18 ఏళ్ల గుర్తు వేస్తోంది.

జూదపు గదులు ఇలా మూతపడ్డాయి. కాని 2019లో ఫోన్ల కోసం వచ్చిన పోకీమాన్ మాస్టర్స్‌లో రత్నాలు ఖర్చు పెడితే ఏ జోడీ వస్తుందో ముందు తెలియదు, ఆ రత్నాలను అసలు డబ్బుతో కొనవచ్చు. 2024లో వచ్చిన కార్డుల ఆటలో మూసి ఉన్న పొట్లాలు. రోజుకు కొన్ని ఉచితం, ఎక్కువ కావాలంటే డబ్బు. స్లాట్ యంత్రం కనబడదు గనుక ఎవరికీ అభ్యంతరం లేదు. నన్నడిగితే, ఫైర్‌రెడ్‌లోని బొమ్మ డబ్బు కన్నా ఇవే నాకు ఎక్కువ భయం. తల్లిదండ్రులారా, ఆటలో కాసినో ఉందా అని కాదు, మా ఫోన్‌లో నుండి రూపాయి బయటికి పోయే దారి ఉందా అని అడగండి. ప్లే స్టోర్ సెట్టింగుల్లో ప్రతి కొనుగోలుకూ పాస్‌వర్డ్ అడిగేలా పెట్టండి. ఆ పాస్‌వర్డ్ పిల్లల పుట్టినరోజు కాకూడదని వేరే చెప్పాలా?

ఆ ఇంటికి నేను వెళ్లడానికి ఇంకో కారణం ఉంది. వారి అనుమతితోనే, గుర్తుపట్టే వివరాలు లేకుండా వ్రాస్తున్నాను. ఆ బాబు తండ్రి ఆటో నడుపుతాడు. ఫోన్‌లో రమ్మీ ఆడి, చీటీ పాటలో ఎత్తిన డబ్బంతా పోగొట్టాడు. తెలంగాణ 2017లో, ఆంధ్రప్రదేశ్ 2020లో ఇలాంటి ఆటలను నిషేధించాయి, 2025 ఆగస్టులో పార్లమెంటు కూడా డబ్బు పెట్టి ఆడే ఆన్‌లైన్ ఆటలన్నిటికీ చట్టం చేసింది. ఇతను ఆ నిషేధాల మధ్యే ఎలాగో దారి వెదుక్కున్నాడు. "పోయింది రాబట్టుకుని మానేస్తా అంటాడు అయ్యగారూ, ఆ ఒక్కమాటే మూడేళ్లుగా" అని వాళ్లమ్మ వంటగది గుమ్మంలో నిలబడి చెప్పింది. కొడుకు పక్క గదిలో ఆట వెనక్కి తిప్పుకుంటున్నాడు.

ఆట తీసేయమని బాబుతో నేను చెప్పలేదు. ఒక్కటే అడిగాను. "నాన్నా, ఒక్క సాయంత్రం సేవ్ చేయకుండా ఆడు. ఎన్ని నాణేలతో మొదలుపెట్టావో, ఐదు నిమిషాలకొకసారి ఎన్ని ఉన్నాయో కాగితం మీద వ్రాయి." నోటుబుక్కులో నుండి చింపిన కాగితం మీద వాడు వ్రాశాడు. 500తో మొదలు. 470, 488, 431, 395, ఒకసారి 420కి లేచి, తర్వాత 352, 307, 261, 218. ముప్పావుగంట. చివర "బోర్ కొట్టింది" అని వ్రాసి కింద గీత గీశాడు.

ఆ కాగితాన్ని వాళ్లమ్మ తీసి ఫ్రిజ్ మీద అయస్కాంతంతో పెట్టింది. రాత్రి ఆటో పెట్టి వచ్చిన తండ్రి, నీళ్ల సీసా తీసుకుంటూ చూశాడట. ఇవేం లెక్కలని అడిగితే కొడుకు అంతా చెప్పాడట. ఆయన సీసా పట్టుకుని అక్కడే చాలాసేపు నిలబడి, "నేనెప్పుడూ ఇలా వ్రాసుకోలేదు" అన్నాడట. ఆదివారం ఆరాధన అయ్యాక వెనుక బెంచీలో ఉండిపోయి, ఖాళీ నోటుబుక్కు ఒకటి ఇమ్మని నన్ను అడిగాడు. సండే స్కూల్ బీరువాలో నుండి తీసి ఇచ్చాను.