కాంప్లెక్స్ గేటు ఎవరి చేతిలో ఉంది?

శంషాబాద్‌లో షూట్ చేస్తున్నా, విమానాల సౌండ్ వస్తే ఏమనుకోకండి.

‘కల్కి 2898 ఏడీ’ చూశారుగా? నీళ్లు, తిండి అన్నీ కాంప్లెక్స్‌లోనే. లోపలికెళ్లాలంటే 10 లక్షల యూనిట్లు కావాలి, భైరవ తిప్పలన్నీ అందుకే. యాస్కిన్ అసలు బలం ఆ గేటే.

ఇప్పుడు రియల్ లైఫ్. ఇక్కడే ఎయిర్‌పోర్ట్ పక్కన, జీఎంఆర్ ఏరోస్పేస్ పార్క్‌లో 2023లో స్కైరూట్ వాళ్లు క్యాంపస్ తెరిచారు. పవన్ కుమార్ చందన, నాగ భరత్ డాకా ఇద్దరూ ఇస్రో నుంచి బయటికొచ్చినవాళ్లే. 2022 నవంబర్ 18న వాళ్ల విక్రమ్-ఎస్ 89.5 కిలోమీటర్ల ఎత్తుకెళ్లింది. రాకెట్ ప్రైవేటుదే, కానీ ఎగిరింది ఇస్రో వాళ్ల శ్రీహరికోట నుంచి, ఇన్-స్పేస్ అనుమతితో. 2020లో ప్రభుత్వం ఆ గేటు తీయకపోతే అది షెడ్‌లోనే ఉండేది.

మరి సినిమా ఫీల్డ్? మా బీటెక్ ఫ్రెండ్ ఒకడు అప్పు చేసి చిన్న సినిమా తీశాడు. దొరికింది మార్నింగ్ షో ఒక్కటే, సోమవారానికి పోస్టర్ కూడా లేదు. సినిమా యావరేజే, ఒప్పుకుంటా. కానీ జనం చూసి బాలేదని చెప్పే ఛాన్స్ కూడా వాడికి రాలేదు.

ఈ వీడియో ఎడిటింగ్ వాడిదే. అప్పు ఇంకా తీరుస్తున్నాడు.