కంచె పడని పొలములు

ఇంగ్లండు పల్లెసీమ యనగానే మన మనస్సున మెదలు చిత్రమొకటి కలదు: పొదల కంచెలు చదరములుగా విభజించిన పచ్చిక నేలలు, నడుమ నడుమ ఒంటరిగా నిలిచిన రైతుల యిండ్లు. ఈ దృశ్యము అనాదియైనదని తలచువారు పెక్కురు. కాని ఆ దేశపు మధ్యమండలములలో ఆ కంచెలలో అధికభాగము 1750 తరువాత నూరేండ్లలో పార్లమెంటు చేసిన శాసనముల బలమున పుట్టినది. అంతకు పూర్వము ఊరి భూమి రెండు మూడు మహాక్షేత్రములుగా విశాలముగా పరచుకొని, గ్రామస్థులందరును కలిసి ఏర్పరచుకొన్న కట్టుబాట్లకు లోబడి సాగుచుండెను. ఆ పద్ధతిని, దానిని పాలించు న్యాయసభను, రెంటిని నేటికిని నిలుపుకొన్న గ్రామము నాటింగ్‌హామ్‌షైర్ మండలమందలి లాక్స్టన్.

ఈ గ్రామము 1086 నాటి డూమ్స్‌డే అను భూలెక్కల గ్రంథమున చేరియున్నది. నార్మనుల కాలమున కట్టిన కోటకు గురుతుగా ఊరికి ఉత్తరమున ఎత్తైన మట్టిదిబ్బ మిగిలియున్నది. షెర్వుడ్ అరణ్యమును రాజుల పక్షమున కాపాడిన ప్రభువులు అచట నివసించిరి. అయినను లాక్స్టన్ చరిత్రలో అన్నిటికంటె విలువైన వస్తువు కోట గాదు, ఒక పటము. 1635లో మార్క్ పియర్స్ అను సర్వేయరు, అప్పటి గ్రామాధిపతియైన సర్ విలియం కోర్టెన్ కొరకు ఊరినంతటిని కొలిచి, ఏ చెక్క ఎవరిదో, ఏ యిల్లు ఎచట నున్నదో తెలియునట్లు దానిని చిత్రించెను. నాగలి పట్టినవారిని, పంట కోయువారిని సైతము ఆ పటమున చూడవచ్చును. ఇది ఇప్పుడు ఆక్స్‌ఫర్డులోని బోడ్లియన్ గ్రంథాలయమున భద్రముగా నున్నది.

గ్రామమున నేడు మిగిలిన మహాక్షేత్రములు మూడు: వెస్ట్ ఫీల్డ్, మిల్ ఫీల్డ్, సౌత్ ఫీల్డ్. ఒక యేడు ఒక క్షేత్రమున శీతకాలమునకు ముందు గోధుమ చల్లుదురు. రెండవదానిలో వసంతమున మరియొక పంట వేయుదురు. మూడవది పడావుగానో పశుగ్రాసమునకో విడువబడును. మరుసటి యేడు వంతు మారును. ప్రతి రైతునకును మూడు క్షేత్రములయందును అక్కడక్కడ సన్నని పొడవైన చెక్కలుండును గనుక, ఎవనికిని ఒక్క యేడైనను పూర్తిగా పంట తప్పదు. మంచినేల యంతయు ఒకని పాలు, చవిటినేల యంతయు మరొకని పాలు పడుటయు లేదు. ఈ గ్రామమును పరిశోధించి 1938లో ఒక గ్రంథమును ప్రకటించిన ఆర్విన్ దంపతులు దీనికి మరియొక హేతువును చెప్పిరి. పూర్వము రైతులు ఎద్దులను, నాగళ్లను కలుపుకొని దున్నినందున, ఒక్కదినమున దున్నిన నేల ఒక చెక్కయై, దినక్రమమున పాలివారికి పంపకమైనదని వారి వాదము. తాత్త్వికమైన సమభావముకంటె నాగలి నడకయే ఈ పొలములకు రూపమిచ్చినదన్నమాట. భూమి ఇట్లు చెదరియుండుటచేతనే రైతుల యిండ్లును కొట్టములును పొలములలోనికి పోక, ఊరి వీధులనంటియే నిలిచినవి.

ఇట్టి పొలములలో గట్టును ఒక చాలు మేర జరుపుకొనుట ఎంత సులభమో పల్లెటూరి పాఠకులకు వేరుగా చెప్పనక్కరలేదు. దున్నుటకు వీలుగాని పల్లపు నేలలు కొన్ని గడ్డిభూములుగా విడువబడియున్నవి. వానిని అచటివారు సైకులందురు. వాని గడ్డిని యేటేట వేలము వేయుదురు. నాగలి సోకని యా నేలలలో అనేకజాతుల పూలమొక్కలు నిలిచియున్నవి. అత్యాశగల నాగలి మొదట చొరబడునది వీనిలోనికే. అందుచేత ప్రతి సంవత్సరము నవంబరు చివర, గోధుమ చల్లిన క్షేత్రమును పరీక్షించుటకై ప్రమాణము చేసిన జూరీ బయలుదేరును. వారు బురదలో నడచి, హద్దు మీరిన చోటులను చూచి, సరియైన హద్దున కొయ్యమేకులు దిగగొట్టి, పూడిన కాలువలను గుర్తించి, తప్పులను వ్రాసికొని, డవ్‌కోట్ అను పానశాలకు భోజనమునకు పోవుదురు. తరువాతి వారమున ఆ పానశాలయందే కోర్టు లీట్ అను సభ కూడును. భూస్వామి ప్రతినిధియగు స్టీవార్డు అధ్యక్షతన జూరీ నివేదిక చదువబడును. తప్పు చేసినవారికి జుల్మానా పడును. మరుసటి యేటికి క్రొత్త జూరీ ప్రమాణము చేయును. జుల్మానా స్వల్పమే. కాని ఇరుగుపొరుగు వారందరి యెదుట పేరు చదివించుకొనుట స్వల్పము కాదు. 1977లో పార్లమెంటు దేశమందలి ఇట్టి ప్రాచీన సభల న్యాయాధికారమును తొలగించినప్పుడు లాక్స్టన్‌ను మినహాయించెను.

ఈ గ్రామము ఎట్లు మిగిలినది? పూర్వాచారముపై భక్తి కారణమని చెప్పుట మనోహరముగా నుండును గాని, అది నిజము కాదు. భూమిలో అధికభాగము మాన్వర్స్ ప్రభువులదికాగా, కొంత స్కార్‌బరో ప్రభువులది. కంచెలు వేయుటకు ముందు భూములు మార్చుకొనవలసియుండెను. వారికి సమ్మతి కుదరలేదు. పిమ్మట 1870ల నుండి పంటధరలు పడిపోగా, కంచెలకు, కాలువలకు సొమ్ము వెచ్చించు ఉత్సాహము ఎవరికిని లేకపోయెను. 20వ శతాబ్ది ప్రారంభమున మాన్వర్స్ ప్రభువు చిన్నచెక్కలను కొంత కలిపి పెద్దవి చేసెనే కాని పద్ధతిని రద్దుచేయలేదు. పెద్దల పేచీయు దరిద్రమును కలిసి కాపాడిన దానిని పరిరక్షించవలెనన్న బుద్ధి తరువాత పుట్టినది. 1952లో గ్రామభూములను ప్రభుత్వ వ్యవసాయశాఖ కొనెను; 1981లో అవి క్రౌన్ ఎస్టేటు అను రాజభూముల సంస్థకు సంక్రమించినవి; 2020లో మాన్వర్స్ వంశీయుల థోర్స్‌బీ ఎస్టేటు వానిని తిరిగి కొనినది.

రైతుల సంఖ్య తగ్గినది. నాటి యెద్దుల స్థానమున ట్రాక్టర్లు వచ్చినవి. పెద్ద యంత్రమునకు సన్నని చెక్క అనుకూలము కాదు. దీనిని ప్రదర్శనశాల యనుట తగదు, అచట పండిన గోధుమ అంగడికే పోవును. ఆ దేశమున నున్న తెలుగువారెవరైనను లాక్స్టన్‌ను చూడగోరినచో, ఎండకాలమును విడిచి నవంబరు చివర, మోకాళ్లవరకు వచ్చు జోళ్లు తొడిగికొని పోవుట మంచిది. వేసవిలో పూలు కనబడును గాని జూరీ కనబడదు.