చక్కెర సుంకములు – చెరకు రైతుకు ముట్టేదెంత?

హైదరాబాదు పాతబస్తీలో చార్మినారు చుట్టుపట్ల ఏ వీధికి పోయినను మిఠాయి అంగడి, చాయ్ హోటలు కనబడును. బేగం బజారు టోకు వర్తకుల వద్ద నుండి బస్తాల కొలది చక్కెర అచటికి చేరుచున్నది. ఆ చక్కెర ధర కిలోకు ఒక్క రూపాయి మారినను, ఆ మార్పు అంగడితో ఆగక, మిల్లు గేటు దాటి, చెరకు తోట గట్టు వరకు వచ్చును. పంట, వాన, గిరాకీలతో పాటు ప్రభుత్వము రేవులలో వసూలు చేయు దిగుమతి సుంకము కూడ ఈ ధరను నిర్ణయించును. “చక్కెరపై సుంకము పెంచినారట, మనకు మేలా?” అని రైతులు అడుగుచుందురు. దీనికి జవాబు తెలియవలెనన్న, సుంకము చేయు పనియేమో, చేయలేని పనియేమో ముందుగా చూడవలెను.

సుంకము ఎట్లు పనిచేయును?

లెక్క కొరకు ఇట్లు అనుకొందము. విదేశపు చక్కెర కిలో 30 రూపాయలకు మన రేవులో దిగుచున్నది. మన మిల్లులో కిలో తయారగుటకు 38 రూపాయలు పట్టుచున్నది. సుంకము లేనిచో వర్తకుడు విదేశపు సరుకే కొనును. 50 శాతము సుంకము వేసినచో ఆ సరుకు 45 రూపాయలగును; మన మిల్లు చక్కెర అమ్ముడుపోవును. 100 శాతము వేసినచో 60 రూపాయలగును; అపుడు విదేశపు సరుకు రేవు వైపే చూడదు. సరుకే రానపుడు ఖజానాకు సుంకమును రాదు. కనుక రాబడి కొరకు వేయు సుంకము వేరు, స్వదేశపు పరిశ్రమను కాపాడుటకు వేయు సుంకము వేరు. రెండవ దానిని రక్షణ సుంకమందురు. దాని ఖర్చును చివరకు చక్కెర కొనువారే భరింతురు.

సుంకము మన వారిని సముద్రము దాటించినది

బ్రిటిషు ప్రభుత్వము తన వలసదేశముల చక్కెరపై ఒక్కొక్క దానికి ఒక్కొక్క రేటు వేసెడిది. 1825లో మారిషసు చక్కెరకు వెస్టిండీసు చక్కెరతో సమానమైన రేటు ఇచ్చిరి. దానితో ఆ చిన్న దీవి అంతయు చెరకు తోటలైనవి. 1830ల నడుమ అచట బానిసత్వము రద్దు కాగా, తోటలలో పనికి ఒప్పందపు కూలీలను భారతదేశము నుండి తీసికొనిపోయిరి. వారిలో గోదావరి తీరపు కోరంగి రేవు నుండి ఓడలెక్కిన తెలుగువారు చాలమంది కలరు. అందువలననే మారిషసులో తెలుగువారిని కోరంగీలని పిలుచుట అలవాటైనది. లండనులో మారిన సుంకపు రేటు మన పల్లెలలోని కుటుంబముల దారినే మార్చివేసినది.

మన దేశపు చక్కెర మాత్రము 1836 వరకు బ్రిటనులో వెస్టిండీసు సరుకు కంటె హెచ్చు సుంకము కట్టినది. తరువాత కాలము తారుమారైనది. జర్మనీ, ఆస్ట్రియా దేశములు తమ బీటు చక్కెర ఎగుమతికి సొమ్మిచ్చి ప్రోత్సహింపగా, అది చౌకగా మన రేవులలో దిగినది. దానిని అడ్డుటకు 1899లో భారత ప్రభుత్వము ప్రత్యేక సుంకము విధించినది. అటు పిమ్మట జావా చక్కెర వెల్లువగా వచ్చినది. 1930 నాటికి ఏటా దాదాపు 10 లక్షల టన్నుల చక్కెర విదేశముల నుండి దిగుచుండెను. అందులో అధిక భాగము జావాదే.

1932 నాటి రక్షణ చట్టము

టారిఫ్ బోర్డు విచారణ పిమ్మట 1932లో చక్కెర పరిశ్రమ రక్షణ చట్టము వచ్చినది. హండ్రెడ్‌వెయిటుకు, అనగా సుమారు 51 కిలోలకు, 7 రూపాయల 4 అణాల రక్షణ సుంకము ఏర్పడినది. దానిపై అదనపు సుంకము కూడ ఉండెను. అపుడు ప్రపంచమంతట ధరలు పడిపోయి ఉన్నందున, సరుకు ధర కంటె సుంకమే ఎక్కువైనది. ఫలితము వెంటనే కనబడినది. దేశములో సుమారు 30గా ఉన్న చక్కెర మిల్లులు ఐదేండ్లలో 130కి మించినవి. జావా దిగుమతి నామమాత్రమైనది. మన వైపున విశాఖపట్టణము జిల్లా ఏటికొప్పాకలో 1933లో సహకార పద్ధతిపై మిల్లు వెలసినది.

అయితే ఈ వృద్ధి సుంకము వలననే కలిగినదనుట సరికాదు. 1912లో కోయంబత్తూరులో చెరకు పరిశోధన కేంద్రము ఏర్పడి, అచట బార్బరు, వెంకట్రామన్ గారలు కొత్త రకములను పుట్టించిరి. 1918లో కో 205 రకము విడుదలైనది. తరువాత వచ్చిన కో 419 దక్షిణాది రైతుల మన్నన పొందినది. గోదావరి మండలములో ఎర్రకుళ్ళు తెగులును అరికట్టుటకు 1902లోనే సామర్లకోటలో పరిశోధన మొదలైనది. మంచి చెరకు పొలములో లేనిచో, ఎంత సుంకమున్నను మిల్లు ఆడదు.

నిజాం రాజ్యము, బోధను మిల్లు

హైదరాబాదు రాజ్యమునకు సొంత సుంకపు శాఖ ఉండెను. దానిని కరోడ్‌గిరి అనెడివారు. కాని 1802 నాటి వాణిజ్య సంధి ప్రకారము కంపెనీ ప్రాంతముల నుండి వచ్చు సరుకుపై నూటికి 5 రూపాయలే సుంకము. అంత చిన్న రేటుతో జావా చక్కెరను ఆపుట సాధ్యము కాదు. రాజ్యమునకు సొంత రేవు లేదు గనుక, విదేశపు సరుకు ముందు బ్రిటిషు రేవులలో భారీ సుంకము కట్టియే ఇటు రావలసియుండెను. ఆ విధముగా 1932 నాటి రక్షణ ఇచటి వారికిని దక్కినది.

మంజీరపై నిజాంసాగరు 1931లో పూర్తియై నీరు సిద్ధముగా ఉండెను. 1937లో బోధను వద్ద నిజాం షుగర్ ఫ్యాక్టరీ స్థాపింపబడినది. ఆ ఊరి ప్రక్కనే శక్కర్‌నగర్ వెలసినది. సాగునీరు, సర్కారు పెట్టుబడి, సుంకపు రక్షణ మూడును కలిసిన చోట మిల్లు నిలిచినది.

సుంకము గోడ వంటిది

గోడ కట్టిన యజమాని పంట దొంగల పాలు కాకుండ కాపాడుకొనవచ్చును. కాని గోడ లోపల పంటను ఎవరెంత పంచుకొందురో గోడ చెప్పదు. 1930లలో ఇదే జరిగినది. మిల్లులు పోటీగా చక్కెర తీయగా ధర పడిపోయినది. దిగుమతి తగ్గి సుంకపు రాబడి పోగా, ప్రభుత్వము 1934లో లోపల తయారగు చక్కెరపైననే ఎక్సైజు సుంకము వేసినది. మిల్లు వారు చెరకుకు తక్కువ ధర ఇచ్చుచుండగా, కనీస ధర నిర్ణయించు అధికారము రాష్ట్రములకిచ్చుచు అదే ఏట చెరకు చట్టము చేసిరి. అనగా రైతుకు వాటా ఇప్పించుటకు సుంకము చాలలేదు. దానికి వేరుగా చట్టము కావలసివచ్చినది.

రక్షణ సుంకము 1950లో ముగిసినది. 1966 నాటి చెరకు నియంత్రణ ఉత్తరువు రైతుకు ఆధారమైనది. 2009 నుండి కేంద్రము ప్రకటించు ధరను న్యాయమైన, గిట్టుబాటు ధర అనుచున్నారు. రైతులు దీనిని ఎఫ్.ఆర్.పి. అని వాడుదురు. రంగరాజన్ కమిటీ సిఫారసుల పిమ్మట 2013లో మిల్లుల నుండి లెవీ చక్కెర తీసుకొనుట ఆగినది.

ఇటీవలి కథ చూడుడు. 2015 ఏప్రిలులో కేంద్రము దిగుమతి సుంకమును 25 నుండి 40 శాతమునకు పెంచినది. అదే ఏడు డిసెంబరులో బోధను మిల్లు మూతపడినది. సుంకము 2017లో 50కి, 2018 ఫిబ్రవరిలో 100 శాతమునకు పెరిగినను మూతపడిన మిల్లు తెరచుకొనలేదు. గోడ ఎత్తు పెరిగినంత మాత్రమున లోపలి జబ్బు నయము కాదు.

రైతు చేయవలసిన లెక్క

2025-26 సంవత్సరమునకు ఎఫ్.ఆర్.పి. 10.25 శాతము రికవరీపై క్వింటాలుకు 355 రూపాయలు, అనగా టన్నుకు 3,550 రూపాయలు. ఆ రికవరీతో టన్ను చెరకు నుండి 102.5 కిలోల చక్కెర వచ్చును. 2019 ఫిబ్రవరిలో మిల్లు చక్కెరకు నిర్ణయించిన కనీస అమ్మకపు ధర కిలోకు 31 రూపాయలు. ఆ ధరకే అమ్మినచో మిల్లుకు వచ్చునది 3,178 రూపాయలు. చెరకు ధరకే చాలదు. కూలి, వడ్డీ, మరమ్మతులు వేరు. మిగిలినది బజారు ధర పెరుగుదల నుండి, మడ్డి, పిప్పి, ఇథనాలుల నుండి రావలెను. రానినాడు రైతుకు బకాయి పడును. కనుక సుంకపు వార్తతో పాటు ఎగుమతి వార్త కూడ చదువవలెను. 2022 జూను నుండి కేంద్రము ఎగుమతులపై పరిమితి పెట్టినది. కొనువారికి ధర పెరగకుండుటకు ఇట్లు చేసిరి. కాని నిల్వలు పెరిగినచో మిల్లు చేతిలో రొక్కము తగ్గును.

గుర్తుంచుకొనవలసిన విషయములు

1. చెరకు తోలిన 14 దినములలో మిల్లు సొమ్ము చెల్లింపవలెను. ఆలస్యమైనచో ఏటికి 15 శాతము వడ్డీ అడుగుటకు నియంత్రణ ఉత్తరువు హక్కునిచ్చుచున్నది. తూకపు చీటీలను తేదీల వరుసలో భద్రపరచుకొనుడు.

2. రికవరీ 10.25 దాటిన ప్రతి 0.1 శాతమునకు 2025-26లో టన్నుకు 34 రూపాయల 60 పైసలు అదనము. ఎకరాకు 30 టన్నుల పంటపై ఇది 1,038 రూపాయలు. ఈ రికవరీ మిల్లు మొత్తమునకు లెక్క కట్టుదురు. కనుక ఒక్కరు శ్రద్ధ తీసుకొన్న చాలదు, ఊరంతయు తీసుకొనవలెను.

3. నత్రజని ఎరువును నాటిన మూడు నెలల లోపల ముగింపుడు. ఆలస్యముగా వేసినచో గడ ఎదుగును గాని తీపి తగ్గును. తోట పక్వమైన పిమ్మటనే కటింగు ఆర్డరు అడుగుడు. గడను నేలమట్టముగా నరికి, ఆకు, మట్టి లేకుండ అదే రోజు తోలుడు.

4. బెల్లమునకు ఎఫ్.ఆర్.పి. వర్తింపదు. మిల్లు ధరను, బెల్లము ధరను, వంట ఖర్చు తీసివేసి పోల్చిన తరువాతనే ఒప్పందము చేసికొనుడు.

5. మీకు అందుబాటులోని మిల్లు గత రెండు మూడు సీజన్లలో బకాయిలు ఎప్పుడు తీర్చినదో విచారించి, ఆ మీదట చెరకు విస్తీర్ణము నిర్ణయించుకొనుడు.

విదేశపు సరుకు ముంచివేయకుండ సుంకము ఆపగలదు. ఆ రక్షణ వలన మిగిలిన రూపాయి మీ ఇంటికి చేరుట మాత్రము నికరమైన తూకముపై, గడువులోపలి చెల్లింపుపై, గడలోని తీపిపై ఆధారపడును. ఈసారి సుంకము పెరిగినదను వార్త వినినపుడు, వెంటనే తోట పెంచుకొనక, ముందు ఈ మూడింటిని సరిచూచుకొనుడు.