జీడాల్ సాఫ్టువేరును సోర్స్ కోడ్ నుండి కంపైల్ చేయడం

జీడాల్ అనేది ఉపగ్రహ చిత్రాలను చదవడానికి, ఒక ఫార్మాటు నుండి మరొక ఫార్మాటుకు మార్చడానికి, వాటిపై లెక్కలు వేయడానికి ఉపయోగపడే ఓపెన్ సోర్స్ సాఫ్టువేరు. ఫ్రాంక్ వార్మర్‌డామ్ 1998లో దీని రచనను ప్రారంభించాడు. ఇది ఎంఐటీ తరహా లైసెన్సుతో లభిస్తుంది కనుక ఎవరైనా ఉచితంగా వాడుకోవచ్చు, మార్చుకోవచ్చు, ఇతరులకు ఇవ్వవచ్చు. క్యూజీఐఎస్, గ్రాస్ వంటి పటాల సాఫ్టువేర్లు చిత్రాలను తెరవడానికి దీనిపై ఆధారపడతాయి. లినక్సు కంప్యూటరులో దీనిని సోర్స్ కోడ్ నుండి నిర్మించుకొనే విధానాన్ని కొల్లేరు సరస్సు చిత్రాల ఉదాహరణతో ఈ వ్యాసం వివరిస్తుంది.

కంపైల్ చేయడం అంటే

ప్రోగ్రామరు సీ++ వంటి భాషలో వ్రాసిన పాఠ్యమే సోర్స్ కోడ్. కంప్యూటరు దానిని నేరుగా అమలు చేయలేదు. కంపైలరు ఆ పాఠ్యాన్ని యంత్రభాషలోకి మారుస్తుంది. మరపట్టిన బియ్యం కొని తెచ్చుకోవడానికి, ధాన్యం తీసుకొనివెళ్ళి మనకు కావలసిన తీరున ఆడించుకోవడానికి ఎంత తేడా ఉన్నదో, సిద్ధంగా దొరికే ప్యాకేజీకి, స్వయంగా కంపైల్ చేసుకున్న సాఫ్టువేరుకు అంత తేడా ఉన్నది.

చాలామందికి లినక్సు పంపిణీలతో వచ్చే ప్యాకేజీ సరిపోతుంది. ఆ ప్యాకేజీ మరీ పాతదైనప్పుడు, కావలసిన చిత్ర ఫార్మాటు అందులో లేనప్పుడు, లేదా కోడులో మార్పు చేయదలచినప్పుడు కంపైల్ చేసుకోవడం అవసరమవుతుంది.

కొల్లేరు ఉదాహరణ

కృష్ణా, గోదావరి డెల్టాల నడుమ, ఏలూరుకు దక్షిణంగా ఉన్న కొల్లేరు మంచినీటి సరస్సు. బుడమేరు, తమ్మిలేరు మొదలైన ఏరులు ఇందులో కలుస్తాయి. ఉప్పుటేరు ద్వారా నీరు బంగాళాఖాతానికి చేరుతుంది. +5 అడుగుల కాంటూరు వరకు గల సుమారు 308 చదరపు కిలోమీటర్ల ప్రాంతాన్ని 1999లో వన్యప్రాణి అభయారణ్యంగా ప్రకటించారు. 2002లో ఈ సరస్సు రామ్‌సర్ చిత్తడినేలల జాబితాలో చేరింది. 2006లో "ఆపరేషన్ కొల్లేరు" పేరుతో అభయారణ్యంలోని చేపల చెరువుల గట్లను తొలగించారు. సరస్సు ఎంత, చెరువులు ఎంత అనే లెక్కపైనే ఇక్కడి వివాదాలు, జీవనోపాధులు ఆధారపడి ఉన్నాయి. అందుచేత ఆ లెక్క ఎలా వచ్చినదో సరిచూడగలగడం ముఖ్యం.

ఇందుకు కావలసిన చిత్రాలు ఉచితంగా లభిస్తాయి. 1972లో మొదలైన ల్యాండ్‌శాట్ చిత్రాల భాండాగారాన్ని 2008లో అమెరికా అందరికీ ఉచితం చేసింది. ఐరోపా వారి సెంటినెల్-2 చిత్రాలు 2015 నుండి లభిస్తున్నాయి. ల్యాండ్‌శాట్ చిత్రాలలో సాధారణంగా ఒక్కొక్క చుక్క 30 మీటర్ల చదరం. సెంటినెల్-2 చిత్రాలలో ముఖ్యమైన వర్ణాలకు 10 మీటర్ల చదరం. ఒక ఎకరం చెరువు మొదటిదానిలో నాలుగైదు చుక్కలుగా, రెండవదానిలో దాదాపు 40 చుక్కలుగా కనిపిస్తుంది.

కావలసిన సామగ్రి

* సీ++ కంపైలరు, సీమేక్.
* ప్రోజ్ లైబ్రరీ. ఇది అక్షాంశ రేఖాంశాలను మీటర్ల కొలతలోకి మారుస్తుంది. వైశాల్యం లెక్కించడానికి ఇది అవసరం. కొల్లేరు యూటీఎం 44వ ఉత్తర మండలంలో ఉన్నది.
* ఓపెన్‌జేపెగ్ లైబ్రరీ. సెంటినెల్-2 చిత్రాలు జేపెగ్-2000 ఫార్మాటులో వస్తాయి. వాటిని చదవడానికి ఇది ఉపయోగపడుతుంది. ల్యాండ్‌శాట్ వాడే జియోటిఫ్‌కు వేరే లైబ్రరీ అక్కరలేదు, జీడాల్‌లోనే ఉన్నది.
* పైథాన్, నమ్‌పై. చిత్రాలపై గణితం చేసే జీడాల్-కాల్క్ పనిముట్టుకు ఇవి కావాలి.

లైబ్రరీ మాత్రమే ఉంటే చాలదు. దాని హెడరు ఫైళ్ళు గల "డెవ్" ప్యాకేజీ కూడా ఉండాలి. కొత్తవారికి ఎదురయ్యే చిక్కులలో అధికభాగం ఇక్కడే పుడతాయి.

నిర్మాణ క్రమం

1. సోర్స్ కోడ్‌ను దింపుకొని, దానిలో "బిల్డ్" అనే వేరు ఫోల్డరు చేసుకోవాలి.
2. ఆ ఫోల్డరు నుండి సీమేక్‌ను నడపాలి. వ్యవస్థలోని పాత జీడాల్‌తో ఘర్షణ రాకుండా, స్థాపించవలసిన చోటుగా సొంత హోమ్ ఫోల్డరును సూచించడం మేలు.
3. సీమేక్ చివర చూపే జాబితాలో ఏ లైబ్రరీలు దొరికాయో, ఏవి దొరకలేదో చదవాలి.
4. మేక్‌తో కంపైల్ చేయాలి. జ్ఞాపకశక్తి తక్కువగా ఉన్న కంప్యూటరులో ఒకేసారి ఎక్కువ పనులు పెట్టకూడదు. మధ్యలో ఆగిపోయినా, మరల నడిపితే పూర్తయిన భాగాలను వదలి మిగిలినవాటిని కొనసాగిస్తుంది.
5. ఇన్‌స్టాల్ ఆజ్ఞతో స్థాపించాలి.

పాత పాఠాలలో సీమేక్‌కు బదులు "కాన్ఫిగర్" ఆజ్ఞ కనిపిస్తుంది. 2022లో వచ్చిన 3.6 వెర్షను నుండి ఆ పద్ధతిని తొలగించారు.

మూడవ మెట్టును చాలామంది చదవకుండా దాటవేస్తారు. ఓపెన్‌జేపెగ్ దొరకకపోయినా సీమేక్ ఆగదు. కంపైలేషను ఏ దోషమూ చూపకుండా పూర్తవుతుంది. తరువాత సెంటినెల్ చిత్రాన్ని తెరవబోతే మాత్రం ఆ ఫార్మాటు గుర్తించబడలేదని చెబుతుంది. అప్పుడు లోపించిన డెవ్ ప్యాకేజీని చేర్చి, బిల్డ్ ఫోల్డరును ఖాళీ చేసి, సీమేక్ నుండి మళ్ళీ మొదలుపెట్టాలి. జీడాల్-ఇన్ఫో ఆజ్ఞతో ఫార్మాటుల జాబితా చూసి, జేపెగ్-2000 ఉన్నదో లేదో ముందుగానే నిర్ధారించుకోవచ్చు.

ఫలితాన్ని సరిచూడడం

నీటిని గుర్తించడానికి మెక్‌ఫీటర్స్ 1996లో ప్రతిపాదించిన సూచికను విరివిగా వాడుతారు. ఆకుపచ్చ వర్ణపు విలువ నుండి సమీప పరారుణ విలువను తీసివేసి, వచ్చినదానిని ఆ రెండింటి మొత్తంతో భాగించాలి. ఫలితం సున్న కంటె ఎక్కువైతే సాధారణంగా నీరు. సెంటినెల్-2లో ఇవి 3వ, 8వ బ్యాండులు.

ఈ లెక్కలో రెండు ప్రమాదాలు ఉన్నాయి. మొదటిది గణితానికి సంబంధించినది. చిత్రంలోని విలువలు ఋణసంఖ్యలు లేని 16 బిట్ల పూర్ణాంకాలు. 600 నుండి 900 తీసివేస్తే −300 రావలసి ఉండగా, 65236 వస్తుంది. అప్పుడు పొలం కూడా నీరుగా కనిపిస్తుంది. అందువలన లెక్కకు ముందే విలువలను దశాంశ సంఖ్యలుగా మార్చుకోవాలి.

రెండవది కొల్లేరుకు సంబంధించినది. చేపల చెరువులోనిదీ నీరే, సరస్సులోనిదీ నీరే. సూచిక రెండింటికీ తేడా చూపదు. మరొకవంక గుర్రపుడెక్క, కిక్కిస కప్పిన సరస్సు భాగం పచ్చని నేలగా నమోదవుతుంది. అందుచేత సూచికను మాత్రమే నమ్మితే, సరస్సు నడుమ చెరువులు పెరిగినా "నీటి విస్తీర్ణం" పెరిగినట్లే కనిపించవచ్చు. తిన్నని గట్లు, దీర్ఘచతురస్రాకారం ఆధారంగా చెరువులను వేరుగా గుర్తించాలి. వానలకు, వేసవికి నీటిమట్టం మారుతుంది కనుక వేర్వేరు సంవత్సరాల చిత్రాలను ఒకే నెలవి తీసుకొని పోల్చాలి.

ప్రయోజనం

ఏ వెర్షను, ఏ లైబ్రరీలు, ఏ సూత్రం వాడారో వ్రాసి ఉంచితే, అదే చిత్రంపై అదే లెక్కను మరొకరు మరల చేసి చూడవచ్చు. ఏలూరులోనో, తాడేపల్లిగూడెంలోనో చదువుకొనే విద్యార్థి అయినా, లంక గ్రామాల మత్స్యకారుల పక్షాన వాదించేవారైనా, ప్రభుత్వ ఉద్యోగి అయినా ఒకే పనిముట్టుతో ఒకే కొలత వేయగలరు. లెక్కలో తేడా వచ్చినప్పుడు అది ఏ మెట్టు వద్ద వచ్చినదో వెదికి చూపడం అప్పుడు సాధ్యమవుతుంది.

ఇవి కూడా చూడండి

* కొల్లేరు సరస్సు
* లినక్సు
* రిమోట్ సెన్సింగ్