నలభై దాటాక సైన్యంలో చేరిన జనరల్

పద్దెనిమిదో శతాబ్దపు బ్రిటిష్ సైన్యంలో హోదాను డబ్బిచ్చి కొనుక్కునేవారు. మీసాలు రాని వయసులోనే చేరి, ఒక్కో మెట్టూ కొంటూ పైకెక్కేవారు. నలభై దాటాక సైన్యం గుమ్మం తొక్కి, జనరల్ అయినవాడు థామస్ గ్రాహం.

1748లో పుట్టిన ఈ స్కాట్లాండ్ కులీనుడికి పెర్త్‌షైర్‌లో బల్గోవన్ ఎస్టేటు ఉండేది. సేద్యం, గుర్రాలు, వేట, క్రికెట్‌లతో కాలం హాయిగా గడిచేది. 1774లో మేరీ కాత్‌కార్ట్‌ను పెళ్లాడాడు. గెయిన్స్‌బరో గీసిన ఆమె నిలువెత్తు చిత్రం ఇప్పటికీ ఎడింబరో జాతీయ గ్యాలరీలో ఉంది. క్షయ సోకిన మేరీ 1792లో ఫ్రాన్స్ దక్షిణ తీరంలో, ఓడలోనే కన్నుమూసింది. శవపేటికను స్వదేశానికి తెస్తుంటే టూలూజ్ దగ్గర విప్లవ సైనికులు అడ్డగించి, అనుమానంతో బద్దలుకొట్టారు. ఆ అవమానం గ్రాహంను యుద్ధంలోకి నెట్టింది.

మరుసటేడే టూలాన్‌లో ఫ్రెంచివారిపై వాలంటీరుగా పోరాడాడు. బోనపార్టు అనే యువ ఫిరంగిదళ అధికారి పేరు తెచ్చుకున్నదీ అక్కడే. 1794లో గ్రాహం సొంత ఖర్చుతో 90వ రెజిమెంటును నిలబెట్టాడు. అయినా ఆయనకు దక్కింది తాత్కాలిక హోదాయే. మెట్టుమెట్టుగా ఎక్కి రానివాడికి శాశ్వత హోదా ఇవ్వడానికి పైవాళ్లు ఒప్పుకోలేదు. 1809లో స్పెయిన్‌లో ఫ్రెంచివారితో జరిగిన కొరున్నా యుద్ధంలో నేలకొరిగిన బ్రిటిష్ సేనాని సర్ జాన్ మూర్, గ్రాహం సేవలను గుర్తించమని చివరి కోరికగా చెప్పాడు. అప్పటిగ్గానీ ఆయనకు మేజర్ జనరల్ హోదా రాలేదు.

ఆ హోదాకు తగినవాడేనని 1811 మార్చి 5న కాడిజ్ దగ్గర బరోసాలో తేలింది. సర్వసేనాని, స్పెయిన్ జనరల్ లా పేన్యా ఆజ్ఞ మేరకు గ్రాహం దళం పైన్ అడవిలోంచి సాగుతోంది. ఇంతలో ఫ్రెంచి మార్షల్ విక్టర్ సేన వెనకనున్న బరోసా గుట్టను ఆక్రమించింది. పై ఆజ్ఞ కోసం చూస్తే దళం మొత్తం చిక్కుకుపోతుంది. అరవై రెండేళ్ల గ్రాహం సుమారు ఐదు వేల మందిని అక్కడికక్కడే వెనక్కి తిప్పి, ఫ్రెంచివారి మీదికి నడిపించాడు. గంటన్నరలో ఫ్రెంచివారు కాళ్లకు బుద్ధి చెప్పారు. వాళ్ల 8వ రెజిమెంటు గరుడ పతాకం బ్రిటిష్‌వారి చేతికి చిక్కింది. ఇటు పన్నెండు వందల మందికి పైగా చనిపోవడమో గాయపడటమో జరిగింది. లా పేన్యా మాత్రం కదల్లేదు. పారిపోతున్నవారిని వెంటాడనూ లేదు.

1814లో నెదర్లాండ్స్‌లో ఫ్రెంచివారి చేతిలో ఉన్న బెర్గెన్ ఆప్ జూమ్ కోటపై గ్రాహం జరిపిన దాడి ఘోరంగా విఫలమైంది. అయినా అదే ఏడు లైన్‌డోక్ ప్రభువు బిరుదు అందింది. దాంతోపాటు ఇవ్వజూపిన పెన్షన్‌ను ఆయన పుచ్చుకోలేదు. 1815లో లండన్‌లో సైనికాధికారుల కోసం యునైటెడ్ సర్వీస్ క్లబ్ స్థాపనను ముందుండి నడిపించాడు. పదిహేనేళ్లు తనను బయటివాడిగానే చూసిన వర్గానికి కలుసుకునే చోటు ఏర్పరిచింది, కొనుక్కున్న హోదాలేవీ లేని ఈ మనిషే. 1843లో, తొంభై ఐదో ఏట చనిపోయేనాటికి ఆయన పూర్తి స్థాయి జనరల్.