ఇంజంక్షను ఉత్తరువును మీరవచ్చునా?

పొలముగట్టు తగవులు మన గ్రామములకు క్రొత్తవి కావు. జానెడు గట్టు జరుగుటతో మొదలైన మాట రెండు కుటుంబముల రాకపోకలను మాన్పి, తుదకు కోర్టు గుమ్మ మెక్కుట మనమెల్లరము చూచుచున్నదే. ఇట్టి వ్యవహారములు మగవారివి, మనకేల యని సోదరీమణులు తలంపరాదు. 2005వ సంవత్సరమున హిందూ వారసత్వ చట్టమును సవరించిన పిమ్మట అవిభక్త కుటుంబపు ఆస్తియందు కుమార్తెకును కుమారునితో సమానమైన హక్కు కలదు. కావున పాలుపంపకపు దావాలలో వాదులుగను ప్రతివాదులుగను ఆడుపడుచులును నిలుచుచున్నారు. కాగితముపై చేవ్రాలు మనదైనప్పుడు దాని ఫలితమును మనదే.

దావా తేలుటకు ఏండ్లు పట్టును. ఈలోపల ఒక పక్షమువారు పొలమును అమ్మివేసినను, చెట్లు కొట్టివేసినను, గోడ లేవదీసినను, గెలిచినవారికి తుదకు మిగులునది తీర్పు కాగితమే. ఇట్టి నష్టము కలుగకుండుటకై 1908వ సంవత్సరపు సివిలు ప్రొసీజరు కోడు 39వ ఆర్డరు క్రింద కోర్టువారు తాత్కాలికముగా నిషేధము విధింతురు. దీనినే ఇంజంక్షను అందురు. ఇది భూమి యెవరిదో తేల్చు తీర్పు కాదు. తేలువరకు ఉన్నదానిని ఉన్నట్లుంచు కట్టుబాటు మాత్రమే.

ఇక్కడనే పెక్కండ్రు పొరబడుదురు. “పొలము మాది, పాసుపుస్తకము మాది, అబద్ధమాడి తెచ్చిన ఉత్తరువు మమ్మేమి చేయును?” అని రాత్రికి రాత్రి కంచె నాటుదురు. ఉత్తరువు సంగతి తెలిసియు దానిని మీరినవారిని అదే ఆర్డరులోని 2-ఏ నిబంధన క్రింద కోర్టువారు మూడు నెలలకు మించకుండ సివిలు జైలులో నుంచవచ్చును. వారి ఆస్తిని జప్తు చేయవచ్చును. జప్తు ఒక సంవత్సరమునకు మించి యుండదు గాని, అప్పటికిని ధిక్కారము మానకున్నచో ఆ ఆస్తిని అమ్మించి, వచ్చిన సొమ్ములోనుండి నష్టపడినవారికి పరిహార మిప్పించవచ్చును. స్వంత పొలము కొరకు పోరాడబోయి స్వంత సొత్తునే వేలము పాటకు తెచ్చుకొనుట యనగా ఇదియే.

అమ్మరాదను ఉత్తరువు ఉండగా అమ్మినచో కొన్నవారికిని సుఖము లేదు. ఇట్టి నిషేధమునకు విరుద్ధముగా జరిగిన బదిలీని గుర్తింపజాలమని సుప్రీముకోర్టువారు 1995లో ఒక పంపకపు వ్యాజ్యమున చెప్పిరి. ఆ కోర్టునకు ఈ దావా విను అధికారమే లేదని తరువాత తేలినను, ఉత్తరువు అమలులో నున్నంతకాలము దానిని మీరిన తప్పు తప్పేయని 1997లో మఱియొక తీర్పున స్పష్టపరచిరి.

ఆడువారిని జైలులో నుంచరను నమ్మకము కొందఱికి కలదు. ఇది సగము నిజము. కోడు 56వ సెక్షను స్త్రీకి జైలు తప్పించునది సొమ్ము చెల్లింపవలసిన డిక్రీల విషయమున మాత్రమే. ఇంజంక్షనును మీరిన స్త్రీకి ఆ రక్షణ లేదు. “నీవు ముందు నిలువుము, నిన్నెవరేమి చేయుదురు?” అని అన్నయో భర్తయో గట్టుమీదికి పంపినచో, ఇల్లాలు ఈ సంగతిని జ్ఞప్తియందుంచుకొనవలెను.

మఱి అన్యాయముగా వచ్చిన ఉత్తరువునకు తలయొగ్గి యూరకుండవలసినదేనా? కాదు. మార్గము కలదు, అది గట్టుమీద గాక కోర్టులో నున్నది. ఎదుటిపక్షమునకు నోటీసు లేకుండ ఇంజంక్షను పొందినవారు దరఖాస్తు, అఫిడవిట్టు, దావా కాగితముల నకళ్లను వెంటనే ప్రతివాదికి అందజేయవలెను, లేదా రిజిస్టరు తపాలలో పంపవలెను. అట్టి దరఖాస్తును ముప్పది దినములలో తేల్చుటకు కోర్టు యత్నింపవలెను. తెలిసి తెలిసి అబద్ధము చెప్పి పొందిన ఉత్తరువని చూపగలిగినచో, దానిని రద్దు చేయుమని 4వ నిబంధన క్రింద ఆ కోర్టునే కోరవచ్చును. పై కోర్టునకు అప్పీలును కలదు. దావా పడునని ముందే తోచినవారు 148-ఏ సెక్షను క్రింద కేవియటు దాఖలు చేసికొన్నచో, తొంబది దినములవరకు తమకు నోటీసు రాకుండ ఉత్తరువు పుట్టదు.

ఉత్తరువు మన పక్షమున నుండి ఎదుటివారు మీరినప్పుడును ఇదే నీతి. వారి కంచె పెఱికివేయుటకు మన మనుష్యులను పంపరాదు. తేదీతోగూడ ఛాయాచిత్రములు తీయించి, చూచినవారి పేర్లు వ్రాసియుంచి, వకీలు ద్వారా ఆ కోర్టుననే దరఖాస్తు పెట్టవలెను. అవసరమైనచో పోలీసు సహాయమును గూడ కోర్టువారు ఇప్పింపగలరు.

ఇంటికి కోర్టు కాగితము వచ్చిననాడు దానిని దూలముసందున దోపి మఱచుట మన యిండ్లలో వాడుక. అట్లు చేయక, ఏమి చేయరాదని యున్నదో, ఏ సర్వే నంబరునకో, మరల వాయిదా యెన్నడో చదివించుకొని ఇంటిల్లిపాదికిని, పాలేరుకును, కౌలుదారుకును తెలియజెప్పుడు. న్యాయము మనవైపుననున్నను ఉత్తరువును మీరినచో కోర్టు ముందు మొదట దోషిగా నిలువవలసినది మనమే. హక్కున్నవారికి ఓర్పు నష్టము కాదు, తొందరపాటే నష్టము.